అరువు చెవులు, అరువు కళ్లు

(కామారెడ్డిలో చేసిన స్మారకోపన్యాసం; అచ్చు కోసం అక్కడక్కడా సవరించినది)



ఈ ఉపన్యాసం ఎవరి జ్ఞాపకంగా జరుగుతున్నదో ఆయన పేరు మైకులో చెప్పొద్దని ఇంటివాళ్లు కోరారు. బతికుండగా ఆయనకూ అదే పట్టుదల. ఎవరైనా సన్మానమని బయల్దేరితే ఆ రోజు పొద్దున్నే లింగంపేట బస్సెక్కి వెళ్లిపోయి, శాలువాలు ఎవరిళ్లకు వాళ్లు తీసుకుపోయాక ఎల్లారెడ్డిలో దిగేవారు. ఆయన దగ్గర తెలుగు చదువుకున్న మేమంతా సారు అనేవాళ్లం. ఇవాళా అంతే అంటాను.

నలభై దాటాక సారుకు చెవులు పోయినయి. క్షయ వచ్చింది. ఆ రోజుల్లో క్షయకు స్ట్రెప్టోమైసిన్ సూదులు నెలల తరబడి వేసేవారు. ఆ మందు ఎందరి ప్రాణాలో నిలబెట్టింది. కొందరికి మాత్రం లోపలి చెవిలో వెంట్రుకల్లా ఉండే సన్నటి కణాలను తినేసింది. అట్లా పోయే వినికిడి కీచు గొంతుల నుంచి మొదలై పోతుంది. సారుకు ముందు పిట్టల కూతలు పోయినయట, తర్వాత ఆడపిల్లల గొంతులు, ఆఖరుకు క్లాసు గోల. "గోల పోయినందుకు మాత్రం రంధి లేదురా" అనేవారు. పింఛను వచ్చేదాకా పాఠం మాత్రం మానలేదు.

చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టు అని సామెత. సభల్లో అందరూ ఇక్కడికే ఆపుతారు. సారు తక్కిన సగం కూడా చెప్పేవారు. అట్లా ఊదుతుంటే చూసిన చెవిటివాడు, "పాపం, దాన్ని కొరకలేక ఎంత తంటాలు పడుతున్నాడు" అన్నాడట. మేం నవ్వేవాళ్లం. నవ్వు ఆగేదాకా మా మొహాలు చూసి, అప్పుడడిగేవారు: "వాడు చూసిన దాంట్లో తప్పేముంది?" నిజమే. బుగ్గలు ఉబ్బినయి, మెడ నరాలు పొంగినయి, కళ్లలో నీళ్లు తిరిగినయి, నోటి దగ్గర తెల్లటి గట్టి వస్తువు ఉన్నది. చెవిని పక్కన పెట్టి చూస్తే శంఖం ఊదడం అచ్చం కొరకడం లాగే ఉంటుంది. సామెత చేసినవాడికి చెవులున్నయి గనుక నవ్వొచ్చింది. చెవిటివాడు తనకు దొరికిన నాలుగు గుర్తులతో ఒక మనిషినీ, ఆ మనిషి కష్టాన్నీ కల్పించుకున్నాడు. పైగా జాలిపడ్డాడు. నవల రాసేవాళ్లు ఇంతకంటె ఎక్కువ చేస్తారా?

నా మాట ఇవాళ ఈ కల్పించుకోవడం గురించే. ఒక ఇంద్రియం పోయిన రచయిత ఎట్లా రాస్తాడు, ఎవరిని ఆసరా చేసుకుని రాస్తాడు అన్నది విషయం. ఇద్దరి గురించి ప్రధానంగా చెబుతాను. ఒకామె ఐర్లండ్‌ది, వినికిడి లేదు. ఒకాయన గోదావరి ఒడ్డు వాడు, చూపు లేదు. మధ్యలో మా సారు వస్తూ పోతూ ఉంటారు.

ముందు పెదవులు చదవడమంటే ఏమిటో చెప్పాలి. సినిమాల్లో గూఢచారులు దూరం నుంచి దుర్భిణితో పెదవులు చూసి రహస్యాలు పట్టేస్తారు. అదంతా వట్టిది. ప, ఫ, బ, భ, మ పెదవుల మీద ఒక్కటే. ఇంటికి పోయి అద్దం ముందు నిలబడి, గొంతు పెగలనీయకుండా పాప అనండి, బాబ అనండి, మామ అనండి. ముగ్గురూ ఒకరే! క, గ, హ అయితే గొంతులో పుట్టి అక్కడే ఉంటాయి, పెదవికి కబురే అందదు. అంటే మాటలో సగం కనబడుతుంది, సగం కనబడదు. ఆ కనబడనిదాన్ని ఎదుటి మనిషి మొహం, సందర్భం, అంతకు ముందు జరిగిన ముచ్చట, అన్నీ కలిపి ఊహించాలి. పొద్దున లేచింది మొదలు రాత్రి పడుకునేదాకా ఇదే పని. చెవిటివాళ్లు త్వరగా అలిసిపోతారని అనుకుంటాం గాని, ఎందుకు అలిసిపోతారో ఆలోచించం.

ఊహ అందని చోట సారు అరచేయి చాపేవారు. పక్కన కూర్చున్న పిల్లవాడు ఆ అక్షరాన్ని వేలితో అరచేతిలో రాయాలి. ఏడాదికొకరికి ఆ డ్యూటీ. తొమ్మిదో తరగతిలో నాకు పడ్డది. అందరూ ఆడుకునే సాయంత్రాలు నేను సారు ఎదుట కూర్చుని పైకి చదవాలి, ఆయన నా పెదవులు చూడాలి. పుస్తకం ఆయన కళ్లతో ఆయనే చదువుకోవచ్చు గదా అని మీకనిపించవచ్చు. నాకూ అనిపించింది. పిల్లవాడి నోట్లో వాక్యం ఎక్కడ విరుగుతుందో చూడాలని ఆయన పట్టుదల. అచ్చులో అన్ని మాటలూ ఒకే బరువుతో ఉంటాయనీ, నోట్లో పడితే గాని ఏది తేలిందో ఏది మునిగిందో తెలియదనీ అనేవారు.

ఆ ఏడు మేం చదివింది చిలకమర్తి వారి 'గణపతి'. ఒకరోజు బయట కబడ్డీ కూత పెట్టారు. నాకు కాళ్లు నిలవలేదు. ఒక పేజీ వదిలేసి తర్వాతి పేజీ మొదలుపెట్టిన. విననివాడికి ఏం తెలుస్తుంది? సారు ఏమీ అనలేదు. అధ్యాయం అయ్యాక లేచి పోబోతుంటే చేయి పట్టుకున్నారు. "ఆ పేజీ పుస్తకంలో ఉన్నది, నీ పెదవుల మీద లేదు. ఎటు పోయిందిరా?" అన్నారు. కోపంతో అన్నా బాగుండేది. మామూలుగా అన్నారు. నేను ఆ ఏడు ఆయన చెవిని. చెవే అబద్ధమాడింది. యాభై ఏళ్లు కావస్తున్నది, ఆ పేజీ ఇంకా నా మీద అప్పుగానే ఉన్నది. ఈ ఉపన్యాసానికి ఒప్పుకోవడానికి అసలు కారణం అదే.

ఇక ఐర్లండ్.

ఐర్లండ్ మనకు మరీ దూరమేం కాదు. మదనపల్లె దివ్యజ్ఞాన కళాశాలలో ప్రిన్సిపాలుగా ఉన్న జేమ్స్ కజిన్స్ బెల్ఫాస్ట్‌లో పుట్టిన కవి, డబ్లిన్‌లో ఐరిష్ నాటకోద్యమం మొదలైన రోజుల్లో అందులో పనిచేసినవాడు. 1919లో టాగూరు ఆయన ఇంటికి అతిథిగా వచ్చినప్పుడే జనగణమనకు ఇంగ్లీషు అనువాదం తయారైంది, కజిన్స్ భార్య మార్గరెట్ దాని బాణీని స్వరాలుగా రాసి పెట్టింది. ఆ నాటకోద్యమంలోంచే 1904 డిసెంబరులో డబ్లిన్‌లో అబే థియేటర్ తెరుచుకున్నది. యేట్స్, లేడీ గ్రెగరీ దాని పెద్దలు. నేను చెప్పబోయే థెరీసా డీవీ నాటకాలు ఆడింది ఆ రంగస్థలం మీదనే.

డీవీ 1894లో వాటర్‌ఫర్డ్ అనే రేవు పట్నంలో పుట్టింది. పదమూడు మంది సంతానంలో ఆఖరిది. టీచరు కావాలని 1913లో డబ్లిన్ యూనివర్సిటీ కాలేజీలో చేరింది. అక్కడే మెనియర్స్ వ్యాధి పట్టుకున్నది. లోపలి చెవిలో ఉండాల్సిన ద్రవం ఎక్కువై ఒత్తిడి పెరుగుతుంది. భూమి గిర్రున తిరుగుతుంది, చెవిలో హోరు పెడుతుంది, వినికిడి తగ్గుతూ పోతుంది. ఇంటికి దగ్గరగా ఉంటుందని కార్క్ కాలేజీకి మారింది. ఇరవై ఏళ్లు వచ్చేసరికి రెండు చెవులూ పోయినయి. టీచరు ఉద్యోగం మాట అక్కడితో సరి. పెదవులు చదవడం నేర్చుకోమని ఇంటివాళ్లు లండన్ పంపారు.

లండన్‌లో ఆమె ఏం చేసిందో వినండి. నాటకాలకు పోయింది. చెవిటి పిల్ల నాటకాలకు పోవడమేమిటని ఎవరైనా అడిగే ఉంటారు. నాటకం పుస్తకం ముందే చదువుకుని, తర్వాత హాల్లో కూర్చుని నటుల మొహాలూ చేతులూ చూసేది. చెహోవ్, షా నాటకాలు అట్లా చూసింది. మనమంతా మాట విని మనిషిని పోల్చుకుంటాం. ఆమె మాటను ముందే మనసులో పెట్టుకుని, ఆ మాట మనిషిని ఏం చేస్తున్నదో చూసింది. మాట అన్నవాడి మీదకంటె, విన్నవాడి మీద చూపు ఎక్కువ నిలిచి ఉండాలి. ఇది నా ఊహే. కాని ఆమె నాటకాలు చదివితే ఈ ఊహ బలపడుతుంది. అందులో మనుషులు సగం మాట అని ఆగిపోతారు, మిగతా సగం ఎదుటివాళ్ల మొహాల్లో జరుగుతుంది.

1919లో స్వదేశం వచ్చింది. ఆ రోజుల్లో ఐర్లండ్ ఇంగ్లీషు వాళ్లతో పోరాడుతున్నది. ఈమె స్వాతంత్ర్య పోరాటంలోని స్త్రీల సంఘంలో చేరింది. రాసి పంపిన తొలి నాటకాలను అబే తిప్పి పంపింది. పట్టు వదల్లేదు. 1930లో మొదటి నాటకం ఆడారు. తర్వాత ఆరేళ్లలో మొత్తం ఆరు నాటకాలు అక్కడ ఆడినయి. 'టెంపోరల్ పవర్స్' అబే పెట్టిన పోటీలో ప్రథమ బహుమతిని మరొకరి నాటకంతో పంచుకున్నది. 1936లో ఆడిన 'కేటీ రోష్' ఆమె పేరు నిలబెట్టింది. ఇంటిపని చేసుకునే అమ్మాయి, పెద్ద కలలు, వయసు మళ్లిన మొగుడు. కథ ఇంతే. మన పాత నవలల్లో ఇట్లాంటి పెళ్లిళ్లు కొల్లలు గనుక మనకు కొత్తగా అనిపించదు. ఆ పిల్ల నోరు మూసుకుని ఊరుకోకపోవడమే కొత్త.

తర్వాత అబే పెద్దలు మారారు. 'వైఫ్ టు జేమ్స్ వీలన్' నాటకాన్ని తిరగ్గొట్టారు. ఆ గుమ్మం దాదాపు మూసుకుపోయింది. అప్పుడామె ఎటు తిరిగిందో చెబితే మీరు నమ్మరు. రేడియో వైపు. రేడియో ఐర్లండ్‌కు, బీబీసీకి శ్రవ్య నాటికలు రాసింది. ఒక్కటంటే ఒక్క రేడియో నాటకం చెవులారా వినని మనిషి, తాను రాసినదాన్ని ఎట్లా ఆడారో తెలుసుకునే దారి లేని మనిషి, కేవలం శబ్దంతో నడిచే నాటకాలు రాసి కూర్చుంది. అంతకన్నా మొండితనం నాకు సాహిత్యంలో కనబడలేదు.

ఆమెకు ఒక అక్క ఉంది, పేరు నెల్. డీవీకి నలుగురితో మాట కలిపింది ఆమే. అవతలివాళ్లు అన్నదాన్ని నెల్ తన పెదవులతో తిరిగి అనేది. చెల్లెలికి ఆ పెదవులు అలవాటు. 1954లో నెల్ చనిపోయింది. అదే ఏడు ఐరిష్ సాహిత్య అకాడమీ డీవీని సభ్యురాలిగా ఎన్నుకున్నది. బిరుదు వచ్చిన ఏడే చెవి పోయింది. తర్వాత తొమ్మిదేళ్లు బతికి 1963 జనవరిలో వాటర్‌ఫర్డ్‌లోనే కన్నుమూసింది. ఆమెను లోకం మరిచిపోయింది. 2010 నుంచి న్యూయార్కులో మింట్ థియేటర్ అనే చిన్న సంస్థ ఒక్కొక్కటిగా ఆ నాటకాలను మళ్లీ ఆడింది. ముందు ఆడింది అబే తిరగ్గొట్టిన ఆ నాటకాన్నే.

ఐర్లండ్ సంగతి వదిలే ముందు ఇంకొకామె. షార్లెట్ ఎలిజబెత్ టోనా ఇంగ్లండులో పుట్టింది, పదేళ్ల వయసుకే చెవులు పోయినయి, పెళ్లయ్యాక ఐర్లండ్‌లో కొన్నేళ్లు ఉంది. ఫ్యాక్టరీల్లో పిల్లల వెట్టి మీద 'హెలెన్ ఫ్లీట్‌వుడ్' నవల రాసింది ఈమే. 1841లో పుస్తకంగా వచ్చింది. కిల్‌కెన్నీలో ఉన్న రోజుల్లో పుట్టుచెవుడుతో మాటరాని ఒక పేదపిల్లవాడిని చేరదీసి వేళ్లతో అక్షరాలు నేర్పింది, ఇంగ్లండుకు తిరిగి పోతూ వెంట తీసుకుపోయింది. మతం విషయంలో మాత్రం మహా మొండి. కాథలిక్కులంటే గిట్టదు, ఆ కోపం పుస్తకాల నిండా ఉంటుంది, చదవడానికి విసుగు పుడుతుంది. చెవిటివాళ్లందరూ సాధుమూర్తులని ఎవరూ భ్రమపడకూడదనే ఈ ముక్క చెప్పిన.

ఇప్పుడు గోదావరి.

చిలకమర్తి లక్ష్మీనరసింహం 1867 సెప్టెంబరు 26న ఖండవల్లిలో, అమ్మమ్మగారి ఊళ్లో పుట్టాడు. సొంత ఊరు వీరవాసరం. చిన్ననాడే రేచీకటి. చూపు ఒక్కనాడు పోలేదు. సంధ్య గుండా చీకట్లోకి నడిచినట్టు ఏడాదికింత పోయింది. చదువులో కళ్లకంటె చెవులకే పని ఎక్కువ. తోటివాళ్లు చదివితే విని, విన్నదాన్ని మనసులో భద్రం చేసుకోవడం ఆ వయసులోనే అలవాటైంది. మా సారుది దీనికి సరిగ్గా తలకిందులు. ఇద్దరికీ పక్కన ఒక చదివే పిల్లవాడు కావాలి.

రాజమండ్రి చేరాక కందుకూరి వీరేశలింగం నీడ. నాటకాల పిచ్చి పట్టణమంతా ముదిరి ఉన్న కాలం. ఇమ్మానేని హనుమంతరావు నాయుడి సమాజానికి నాటకాలు కావాలి, ఇరవై రెండేళ్ల చిలకమర్తి రాసిచ్చాడు. 'కీచకవధ'తో మొదలుపెట్టి వెంటవెంటనే 'గయోపాఖ్యానం'. ఆ సమాజంలో ఆడవేషాలు కట్టిన ఒక అల్లరి కుర్రాడు తర్వాత ఆంధ్ర రాష్ట్రానికి తొలి ముఖ్యమంత్రి అయ్యాడు. ఆ కుర్రాడు టంగుటూరి ప్రకాశం. 'గయోపాఖ్యానం' లక్ష ప్రతులు దాటి అమ్ముడుపోయిందని ప్రతీతి. ఊరూరా ఆడారు. కృష్ణార్జునుల వాదులాట పద్యాలు అక్షరం రానివాళ్లకు కూడా నోటికొచ్చేవి. నోటికి రావడం అన్నది ఇక్కడ గమనించాలి. చెవిన పడ్డదే నోటికొస్తుంది. ఆయన రాసింది చెవి కోసం.

తర్వాత నవలలు. 'చింతామణి' పత్రిక నవలల పోటీ పెట్టింది. తెలుగులో నవల అన్న మాటే పసిది, వీరేశలింగం 'రాజశేఖర చరిత్రము' వచ్చి ఇరవై ఏళ్లు కూడా కాలేదు. 1894లో 'రామచంద్ర విజయం' బహుమతి కొట్టింది. 'హేమలత', 'అహల్యాబాయి', 'కర్పూరమంజరి' వరసగా వచ్చినయి. టాడ్ రాసిన రాజస్థాన్ చరిత్ర నుంచి కథలు తీసి 'రాజస్థాన కథావళి' చేశాడు. భాసుడి నాటకాలు తెనిగించాడు. ఇంత సరుకు చూసి జనం ఆయనను ఆంధ్ర స్కాట్ అన్నారు. చూపు పోయింది గనుక ఆంధ్ర మిల్టన్ అని కూడా అన్నారు.

నాకు ఈ బిరుదులు గిట్టవు. స్కాట్ పోలిక సరే, చారిత్రక నవలల వరకు. మిల్టన్ పోలికలో ఉన్నది గుడ్డితనం ఒక్కటే. మిల్టన్ దేవుడి తీర్పును మనిషికి సమర్థించబోయిన ఘనగంభీరుడు. మనవాడు పకోడీ మీద పద్యాలు చెప్పి సభను నవ్వించినవాడు! కళ్లు లేవన్న ఒక్క గుర్తుతో ఇద్దరినీ ఒక గాటన కట్టడమంటే, ఎల్లారెడ్డి చెరువునూ నిజాంసాగర్‌నూ రెండింట్లో నీళ్లున్నయి గనుక ఒకటే అన్నట్టు. నిజంగా పోలిక చెప్పాలంటే బిరుదులో పట్టనిది ఒకటున్నది. ఇద్దరూ చెప్పి రాయించారు. 1652 నాటికి మిల్టన్‌కు చూపు పూర్తిగా పోయింది, 1667లో వచ్చిన మహాకావ్యాన్ని పొద్దున్నే ఎవరు దొరికితే వాళ్ల చేత రాయించాడు. చిలకమర్తి కూడా శిష్యుల చేత, ఇంటివాళ్ల చేత రాయించాడు. 'స్వీయచరిత్రము' డెబ్బై అయిదేళ్ల వయసులో, ఎదుట కాగితం పెట్టుకుని ముందు ఏం రాశామో చూసుకునే వీలు లేని మనిషి, జ్ఞాపకం మీద చెప్పిన పుస్తకం. చదవండి. చిన్ననాటి బళ్లు, రాజమండ్రి వీధులు, ఎవరు ఎప్పుడు ఏ ఉద్యోగంలో ఉన్నారు, ఏ నాటకం ఎక్కడ ఆడారు, ఎవరి మాట తీరు ఎట్లాంటిది, అన్నీ అందులో ఉన్నాయి. కళ్లున్నవాళ్ల ఆత్మకథల్లో నాకింత వివరం దొరకలేదు.

చెప్పి రాయించే వాక్యం వేరుగా ఉంటుంది. చేత్తో రాసేవాడు సగం రాసి కొట్టేస్తాడు, పైన ఇరికిస్తాడు, బాణం గుర్తు పెడతాడు. చెప్పేవాడికి ఆ వసతి లేదు. వాక్యం నోరు దాటే ముందే పూర్తి కావాలి, రాసే పిల్లవాడు ఒక్కసారి విని పట్టుకోగలగాలి. అందుకే చిలకమర్తిది గ్రాంథికమే అయినా సంస్కృత సమాసాలు కొండచిలువల్లా పడుకుని ఉండవు. ఊపిరి ఆగిన చోట వాక్యం ఆగుతుంది. ఆ పాత క్రియాపదాల కిందనే మాట్లాడే తెలుగు నడుస్తూ ఉంటుంది. 'గణపతి'లో అది బాగా కనబడుతుంది. చదువు ఒంటబట్టని గణపతి ఆఖరుకు బడిపంతులు అవతారమెత్తుతాడు. కథ అంతంతమాత్రమే. నవ్వంతా మాటల్లో ఉన్నది, ఒక్కొక్కడు మాట్లాడే తీరులో. మనుషుల రూపం చూడలేనివాడు గొంతులతో మనుషులను నిలబెట్టాడు. రంగు, బట్ట, ఇల్లు, వాకిలి వర్ణనలు ఉన్నాయి గాని అవి కావ్యాల నుంచి వారసత్వంగా వచ్చిన సరుకు. గొంతులు మాత్రం సొంతవి. నా మాట నమ్మకపోతే, పుస్తకం తీసి నాలుగు పేజీలు పైకి చదవండి. పేజీలు వదలకుండా!

ఆ గొంతుల బలం ఎంతటిదంటే, తర్వాతి తరాలకు 'గణపతి'ని ఆకాశవాణి శ్రవ్య నాటకంగా వినిపించింది. పుస్తకం చూడనివాళ్లు కూడా గణపతిని ఎరుగుదురు, రేడియోలో విన్నారు గనుక. కళ్లు లేనివాడి పుస్తకం చెవులకు చేరడంలో ఒక న్యాయం ఉంది. చెవులు లేని డీవీ నాటికలు కూడా చెవులకే చేరినయి. అందులో ఏ న్యాయమూ లేదు, పంతం ఉన్నది. నన్నడిగితే రెండోదే పెద్ద పని.

చిలకమర్తిని నవ్వించేవాడుగా మాత్రమే గుర్తుపెట్టుకుంటే అన్యాయం. 1907 ఏప్రిల్‌లో బిపిన్ చంద్రపాల్ రాజమండ్రి వచ్చి ఇంగ్లీషులో ఉపన్యసిస్తే, పక్కన నిలబడి తెలుగులో చెప్పింది ఈయనే. కాగితం లేదు, నోట్సు లేదు, చూసి రాసుకునే కళ్లు లేవు. విన్నది విన్నట్టు పట్టుకుని జనానికి అందించాడు. ఆ సభలోనే భారతదేశాన్ని పాడియావుతో పోలుస్తూ, లేగదూడలు ఏడుస్తుంటే మూతులు బిగించి పాలు పిండుకునే గొల్లలుగా తెల్లవాళ్లను చూపిస్తూ ఆశువుగా పద్యం చెప్పాడు. ఆ పద్యం గోదావరి జిల్లాల్లో నోటి నుంచి నోటికి ఎంత వేగంగా పాకిందో మీకు తెలుసు. రెండేళ్లకు, 1909లో, అంటరానివారని బళ్లలోకి రానివ్వని పిల్లల కోసం రాజమండ్రిలో రామమోహన పాఠశాల పెట్టాడు. రాజా రామమోహన్ రాయ్ పేరు అది. 'మనోరమ', 'దేశమాత' పత్రికలు నడిపాడు. ప్రూఫులు చూడలేనివాడు పత్రిక నడపడమంటే ఏమిటో, పత్రికల్లో పనిచేసినవాళ్లు ఒక్కసారి ఊహించుకోండి. 1943లో ఆంధ్ర విశ్వవిద్యాలయం కళాప్రపూర్ణ ఇచ్చింది. 1946 జూన్ 17న పోయాడు.

మరి ఆ రాసిన చేతులు ఎవరివి? అన్ని నవలలు, అన్ని పత్రికల సంచికలు, స్వీయచరిత్ర, ఎవరో కూర్చుని రాశారు. మాట వినబడకపోతే మళ్లీ అడిగారు. నిద్రొచ్చినా రాశారు. ఒక్కోసారి ఒక మాట మార్చి రాసి ఉంటారు, అది బాగుందని పెద్దాయన ఉంచేసి ఉంటారు. నా వంటివాడు ఒక పేజీ ఎగ్గొట్టి కూడా ఉంటాడు. వీళ్ల పేర్లు ఈ హాల్లో ఎందరికి తెలుసు? డీవీ పేరు ఎరిగినవాళ్లలో నెల్ పేరు ఎందరెరుగుదురు? పరిశోధక విద్యార్థులు రచయిత మీద ఆర్థిక ప్రభావం, సామాజిక ప్రభావం అంటూ అధ్యాయాలు రాస్తారు. చెప్పింది ఒకరు, రాసింది ఒకరు అయినప్పుడు ఆ రెండో మనిషి ప్రభావం మీద ఒక్క అధ్యాయం ఎందుకు ఉండదు? ఇక్కడ తెలుగు ఎమ్మే పిల్లలుంటే వాళ్లకే చెబుతున్న, మీకు థీసిస్ అంశం ఉచితంగా ఇచ్చిన.

కృష్ణశాస్త్రి గారి సంగతి మీకందరికీ తెలిసిందే కాబట్టి ఎక్కువ చెప్పను. 1963లో గొంతు పోయింది. డీవీ పోయిన ఏడే. ఆ తర్వాత పదిహేడేళ్లు చిన్న కాగితాల మీద రాసి మాట్లాడాడు, పాటలు రాశాడు. మనం ఆ మౌనాన్ని చాలా కవిత్వం చేసేశాం. ఆయనకు మాత్రం పొద్దున కాఫీ కావాలన్నా కాగితం వెతుక్కోవాలి.

మా సారు పుస్తకాలేమీ రాయలేదు. పింఛను పుచ్చుకున్నాక ఎల్లారెడ్డి చుట్టుపక్కల సామెతలను నోటు బుక్కుల్లో ఎక్కించడం మొదలుపెట్టారు. కూరగాయల అంగడిలో, బస్టాండులో, బెల్లం బండ్ల దగ్గర నిలబడి మనుషుల మొహాలు చూసేవారు. ఎవరి పెదవుల మీదనన్నా సామెత నడక కనబడితే దగ్గరకు పోయి అరచేయి చాపేవారు. తెలియనివాళ్లు అడుక్కునేవాడనుకుని చేతిలో రూపాయి పెట్టేవారట. ఆ రూపాయి తిరిగిచ్చి, సామెత రాయించుకుని వచ్చేవారు. అక్షరం రానివాళ్లయితే పక్కవాడి చేత రాయించేవారు. ఆ నోటు బుక్కుల్లో నూరు రకాల చేతిరాతలున్నయి. అరువు చెవులంటే నాకు అవే గుర్తొస్తాయి.

ఇక కామారెడ్డి మాట. 2016లో మనకు రెండు జరిగినయి. అక్టోబరులో ఇది జిల్లా అయింది. అదే ఏడు డిసెంబరులో దివ్యాంగుల హక్కుల చట్టం పార్లమెంటులో ఆమోదం పొందింది. ఆ చట్టం లెక్కలో రెండు చెవుల్లో 70 డెసిబెల్స్ నష్టమున్నవాళ్లు బధిరులు, 60 నుంచి 70 మధ్య ఉన్నవాళ్లు వినికిడి తగ్గినవాళ్లు. లెక్క సర్టిఫికెట్టుకు పనికొస్తుంది. సభకు వచ్చి కూర్చుంటే ఏం పనికొస్తుంది? ఢిల్లీలో 2015లో భారతీయ సంకేత భాషకు ఒక జాతీయ సంస్థ పెట్టారు. 2018లో వాళ్లు మూడు వేల మాటల సంకేత నిఘంటువు తెచ్చారు, 2021 నాటికి అది పది వేల మాటలైంది. మన తెలుగు సాహిత్య సభల్లో ఆ పది వేల మాటల్లో ఒక్కటైనా ఎవరైనా చేత్తో పలకగా నేను చూడలేదు. ఇవాళ ఈ హాల్లో మూడో వరుసలో ఒక తండ్రి తన కూతురికి నా ఉపన్యాసాన్ని పొద్దుటి నుంచి సైగలతో చెబుతున్నాడు. నేను చూస్తూనే ఉన్నా. ఆయనకు నేను చెప్పింది ఎంత అందిందో, ఆ పిల్లకు ఆయన ఎంత చేరవేశాడో నాకు తెలియదు. కొన్ని మాటలకు నాకంటె బాగా అర్థం చెప్పి ఉంటాడని మాత్రం ఆయన చేతులు చూస్తే అనిపించింది.

నిర్వాహకులకు రెండు విన్నపాలు. ఈ ఉపన్యాసానికి నాకిచ్చే పారితోషికం నేను తీసుకోను. ఆ డబ్బుతో వచ్చే ఏడు ఈ వేదిక మీద, వక్త పక్కనే, సంకేత భాష తెలిసిన మనిషిని నిలబెట్టండి. ఆహ్వాన పత్రంలో ఆ మనిషి పేరు కూడా, వక్త పేరు పక్కన, అదే సైజు అక్షరాల్లో వేయండి. రెండోది, సారు నోటు బుక్కులు పద్నాలుగు ఇప్పుడు నా దగ్గరున్నయి. అచ్చు వేయాలని ఇంటివాళ్లూ ఒప్పుకున్నారు. అందులో సామెత రాసిచ్చిన వాళ్లెవరైనా, వాళ్ల పిల్లలెవరైనా కామారెడ్డిలోనో ఎల్లారెడ్డిలోనో ఉంటే, సభ అయ్యాక వచ్చి మీ చేతిరాత గుర్తుపట్టండి. పుస్తకంలో మీ పేరు వేస్తాం.